శంఖము: ఇల్లును, ఇంటివాడును

శంఖములో పోసినగాని తీర్థము కాదని మనవారి సామెత. గొప్పవారి నోట వెలువడినగాని మంచిమాటకు మన్నన దొరకదను అర్థమున ఆ సామెతను మనుష్యులకు అన్వయించి వాడుకొనుట మనకు పరిపాటి. ఈ పూట నేను మనుష్యుల జోలికి పోక, శంఖమును గూర్చియే నాలుగు మాటలు చెప్పదలచితిని.

శంఖమును చూడనివారు మనలో ఉండరు. ఏడుకొండలవాని ఎడమచేత ఉన్నది శంఖము. ధనుర్మాసపు తెల్లవారుజామున దాసరి వీధిలో జేగంటతో కలిపి ఊదునది శంఖము. మా తడ ప్రాంతమున, అరవనాడు అడుగు దూరమున ఉండుటచేత, పసిపిల్లలకు పాలు పోయు చిన్న పాత్రను 'సంగు' అని పిలుచుటయు కలదు. పూర్వము అది నిజముగా చిన్న శంఖమే. ఇంతగా మన బ్రతుకులో కలసిపోయిన వస్తువు ఒక ప్రాణి కట్టుకొన్న ఇల్లని మాత్రము మనకు చప్పున తోచదు. ఇంటిని పూజించితిమి గాని ఇంటివాని ముఖము చూచినవారము కాము. జంతుశాస్త్రము బోధించి జీవనము గడపిన నేను కూడ బహుకాలము ఈ లెక్కలోనివాడనే. సీసాలో మందునీట ముడుచుకొనియున్న శంఖపు నత్తను పిల్లలకు ఏటేట చూపితినేగాని, ప్రాణముతో ఉన్న దానిని చూచుట నాకు తటస్థించినది ఉద్యోగము విరమించిన తరువాతనే.

అందులకు కారణము మా మేనత్త. ఆమె తడలోనే కాపురము. వయస్సు ఎనుబదికి దగ్గర. రొయ్యల గుంటలలో కొడుకు నష్టపడి అప్పులపాలయిన ఏడు, ఎవరో చెప్పగా విని, ఆమె ఒక దక్షిణావర్త శంఖమును కొన్నది. వెల నలువది వేల రూపాయలు. మనుమరాలి పెండ్లికని దాచిన రెండు గాజులు అందులకు ఖర్చయినవి. కొన్న నెల దినములకు నన్ను పిలిచి, శంఖమును పట్టుగుడ్డలోనుండి తీసి చేతిలో పెట్టి, "నువ్వు చదువుకున్నవాడివి గదా నాయనా, ఇది నిజమైనదేనా, చూసి చెప్పు" అన్నది. చూచితిని. చూచినంతనే నాకు ఒక అనుమానము కలిగినది. అయినను వెంటనే పెదవి కదల్చలేక, "రెండు దినాలు టైమియ్యి అత్తా" అని తప్పించుకొంటిని. ఆ రెండు దినములు నేను చేసిన పనియే నేటి ఈ ప్రసంగము.

మా తడ ఊరు పులికాటు సరస్సు ఒడ్డున ఉన్నది. బహుకాలము నెల్లూరు జిల్లాలో ఉండి, 2022 ఏప్రిల్ నెలలో తిరుపతి జిల్లాలో చేరినది. మన దేశపు ఉప్పునీటి సరస్సులలో చిలకకు తరువాత పెద్దది పులికాటే. సరస్సునకు ఆవల శ్రీహరికోట దీవి, దీవికి ఆవల బంగాళాఖాతము. రాకెట్టు లేచు దినమున మా ఊరి మేడలమీద నిలుచుటకు చోటు దొరకదు. శంఖపు నత్తను చూచుటకు మాత్రము నేనొక్కడనే పోతిని. శంఖము సరస్సులో ఉండదు. దాని నివాసము సముద్రము, అందును కొన్ని బారల లోతున ఉన్న మెత్తని ఇసుకనేల. ఎండ్రకాయలకై వేసిన వలలలో అప్పుడప్పుడు చిక్కునని విని, సముద్రమునకు పడవ నడుపు పట్టపువారి పెద్దమనిషి ఒకనికి ముందుగా చెప్పియుంచితిని. మరునాటి ఉదయమే ఆయన ఒక ప్లాస్టిక్ బక్కెట్టు తెచ్చి నా ముందు పెట్టి, "అయివారూ, ఇంకా పానంతో ఉండాది, తొందరగా చూసుకోండి" అన్నాడు.

బక్కెట్టులో నేను ఎదురుచూచిన పాలవంటి తెల్లదనము లేదు. గోధుమవన్నె ముఖమల్ గుడ్డ చుట్టినట్లు, బురదపట్టిన కొబ్బరికాయవలె ఒకటి పడియున్నది. శంఖము సముద్రములో తెల్లగా కనబడదు. దాని ఒంటిమీద కొమ్మువంటి పదార్థముతో ఏర్పడిన పైపొర ఒకటి కప్పియుండును. సముద్రపు నీటిలోను ఇసుకలోను బ్రతుకు ప్రాణికి అది పైకోటువంటిది. సున్నపుగోడ కరగకుండ, ఇతర పురుగులు తొలువకుండ కాపాడును. మన పూజాగృహమునకు వచ్చు శంఖము ఆ కోటు ఊడబెరికి, రుద్ది, మెరుగుపెట్టిన శంఖము.

వెడల్పయిన తొట్టిలో సముద్రపు నీరు పోసి, అడుగున ఇసుక పరచి, దానిని దించితిని. అరగంటవరకు కదలిక లేదు. నోటికి అడ్డముగా ముదురుగోధుమ రంగు మూత ఒకటి బిగిసియున్నది. అది గోరువలె వంపుతిరిగి, గట్టిగా, మందముగా ఉండును. మన సుగంధద్రవ్యములలో నఖము అను పేరున వాడునది ఇట్టి సముద్రపు నత్తల మూతయే. ధూపమున వేసి కాల్చుదురు. పేరు పెట్టినవాడు వస్తువును సరిగా చూచి పెట్టినాడు. కొంతసేపటికి ఆ మూత మెల్లగా ప్రక్కకు జరిగి, దాని వెనుకనుండి బలమైన కండతో కూడిన పాదము వెలువడినది. నత్తకు కడుపే కాలు. అందుచేతనే ఈ తెగకు ఉదరపాదులని శాస్త్రమున పేరు. మూత ఆ పాదము వెనుకభాగమున అతుకుకొనియుండును. నత్త లోపలికి ముడుచుకొనునప్పుడు తల ముందు పోవును, పాదము తరువాత పోవును, చివరకు మూత వచ్చి పడును. మనము ఇంటిలోనికి పోయి తలుపు వేసికొనునట్లే.

పాదము ఇసుకను త్రొక్కి పట్టుకొన్న పిమ్మట తల కనబడినది. రెండు పొట్టి స్పర్శశృంగములు, వాని మొదట నల్లని చుక్కలవంటి రెండు కండ్లు. ఆ కండ్లకు వెలుగునీడలు తెలియునేగాని మన ముఖము కనబడునని నేను చెప్పలేను. దానికి అసలైన కన్ను వేరొకటి కలదు, అది ముక్కు. శంఖమునకు క్రిందివైపున సన్నగా పొడుగుగా సాగిన కాలువను మీరు చూచియుందురు. అభిషేకమునాడు నీరు జారునది ఆ కాలువనుండియే. దేవునికి నీరు పోయుటకై సముద్రుడు అమర్చిన గోముఖమని మనము భావింతుము. నత్తకు అది శ్వాసమార్గము. గొట్టమువలె చుట్టుకొన్న చర్మపు మడత ఒకటి ఆ కాలువలో ఇమిడియుండి, ఒళ్ళంతయు ఇసుకలో పూడియున్నను కొన మాత్రము పైకి చాచి, శుభ్రమయిన నీటిని లోపలికి పీల్చును. లోపలికి వచ్చిన నీరు ముందుగా ఒక చిన్న ఘ్రాణేంద్రియమును తాకి, తరువాత మొప్పమీదుగా ప్రవహించును. ఆహారము ఏ దిక్కున ఉన్నదో, శత్రువు ఏ దిక్కున ఉన్నాడో ఆ నీటి వాసనచేతనే దానికి తెలియును. నా తొట్టిలో ఆ గొట్టపు కొన కుడికిని ఎడమకును త్రిప్పుచు, గ్రుడ్డివాడు కఱ్ఱతో దారి తడవినట్లు వెదకుటను నేను చాలసేపు చూచితిని. సీసాలోని నమూనా నాకు ముప్పది సంవత్సరములలో ఈ సంగతి చెప్పలేదు.

దాని రక్తము ఎఱ్ఱన కాదు. మన రక్తమున ప్రాణవాయువును మోయునది ఇనుము. శంఖపు నత్త రక్తమున ఆ పని చేయునది రాగి. హీమోసయనిన్ అను ఆ పదార్థము ప్రాణవాయువు తగిలినప్పుడు నీలిరంగు తిరుగును. గుండెకు ఒక కర్ణికయు ఒక జఠరికయు కలవు. మొప్ప ఒక్కటే, అదియు ఎడమవైపున. ఇది ఒక వింత. నత్తల జాతిలో శైశవముననే శరీరపు పైభాగము నూట ఎనుబది డిగ్రీలు మెలితిరుగును. వెనుక ఉండవలసినవి ముందునకు వచ్చును. అపానము వచ్చి తలమీద నిలుచును! ఆ మెలిక తరువాత కుడివైపు మొప్ప శంఖమునందు లేకుండపోయినది. ఇంటిని కట్టుటకై తన ఒంటినే మెలిపెట్టుకొన్న గృహస్థు ఇతడు.

శంఖపు నత్త సాధువు కాదు, మాంసాహారి. ఇసుకలో గొట్టములు కట్టుకొని బ్రతుకు పురుగులు దాని ఆహారము. ముడుచుకొనియున్న పొడుగైన తొండమును బయటకు చాచి, గొట్టములోనికి దూర్చి పురుగును పట్టును. ఆ తొండము కొనను ఆకురాయివంటి నాలుక కలదు. నాలుకమీద వరుసలు వరుసలుగా పండ్లు, వరుసకు మూడేసి. అరిగిన వరుసలు ముందు రాలిపోవుచుండగా వెనుకనుండి క్రొత్త వరుసలు వచ్చుచుండును. నా తొట్టిలో అది ఏమియు తినలేదు. పెట్టుటకు నావద్ద దానికి తగిన పురుగులును లేవు.

ఇక ఇంటి నిర్మాణము. సముద్రపు నీటిలో కరగియున్న సున్నమును నత్త తన శరీరమున చేర్చుకొని, ప్రావారమను పలుచని చర్మపు అంచుతో శంఖపు పెదవివద్ద క్రొత్తగోడగా వేయుచుండును. ఇల్లు పెరుగునది నోటివద్ద మాత్రమే. కొనయందున్న చిన్న బుడిపె అది పుట్టినప్పటి ఇల్లు. దానిని విడువక, దానినే ఆధారము చేసికొని, చుట్టుమీద చుట్టుగా ఇల్లు పెద్దదగును. పిల్లవాడయినప్పటి గది ముసలివాని ఇంటిలో అట్లే నిలిచియుండును. పదార్థము చూచినచో మా పులికాటు ఒడ్డున తరతరములుగా కాల్చి గుల్లసున్నము చేసిన గుల్లకును, దీనికిని భేదము లేదు. రెండును కాల్షియం కార్బనేటు. ఆయుర్వేదములోని శంఖభస్మమునకును మూలమదియే. పదార్థమొక్కటియే అయినను పేర్పులోనే నేర్పున్నది. అతిసన్నని పలకలను ఒక పొర నిలువుగాను, మరియొక పొర దానికి అడ్డముగాను, ప్లైవుడ్ చేయువారు చెక్కపొరలను అతికించునట్లు నత్త పేర్చును. ఒకచోట బీటవేసినను ఆ బీట సూటిగా పోజాలక దారి తప్పి ఆగిపోవును. అందుచేతనే శంఖము చేతినుండి జారి పడినను పింగాణివలె ముక్కలు చెక్కలు కాదు.

శంఖమును నిలువుగా రంపముతో కోసినచో నడుమ ఒక కంబము కనబడును. చుట్టులన్నియు ఆ నడికంబమును చుట్టుకొని దిగును. ఇక్కడ మీరు కొంచెము శ్రద్ధతో వినవలెను. మా అత్త ప్రశ్నకు జవాబు ఇక్కడనే ఉన్నది. ఆ నడికంబముమీద, నోటికి ఎదురుగా, మూడు నాలుగు గట్టి మడతలు మెట్లవలె పొడుచుకొని అడ్డముగా తిరిగియుండును. నత్తను ఇంటికి కట్టివేయు కండరము ఈ కంబమునకు అంటుకొని మడతల వెంబడి సాగును. శంఖమును కోయనక్కరలేదు, నోటిలో వ్రేలు పెట్టి తడవినను ఆ మడతలు చేతికి తగులును. అవి ఉన్నవా లేవా అను ప్రశ్న శంఖపు కులగోత్రములను చెప్పగలదు.

శాస్త్రమున దీని పేరు టర్బినెల్లా పైరమ్. పైరమ్ అనగా లాటిన్ భాషలో బేరిపండు. బుఱ్ఱగా మొదలై సన్నగా దిగు ఆకారమునుబట్టి ఆ పేరు వచ్చినది. కొంతకాలము శాస్త్రజ్ఞులు దీనిని జాంకస్ అనియు పిలిచిరి. అది మన శంఖశబ్దమే. నావికుల నోటబడి రూపు మారి లాటిన్ వేషము వేసికొన్నది. మన దేశపు శంఖమును గూర్చి నేటికిని చదువదగిన పెద్ద గ్రంథమును మద్రాసు మత్స్యశాఖలో పనిచేసిన జేమ్స్ హార్నెల్ 1914లో ప్రకటించెను. ఈ శంఖము చాల పెద్దదయినచో జానెడు దాక పెరుగును. లోకములో దీనిని మించిన నత్తలు లేకపోలేదు. ఆస్ట్రేలియా ఉత్తరతీరమున సిరింక్స్ అను నత్త డెబ్బది సెంటీమీటర్లకు పైగా ఎదుగును. దానిని గూడ పూర్వము ఈ కుటుంబమున చేర్చియుండిరి.

శంఖమును చెవివద్ద పెట్టుకొన్నచో సముద్రఘోష వినబడునని మనము చిన్నప్పుడు నమ్మితిమి. అది సముద్రపు ధ్వని కాదు. మన చుట్టునున్న గాలిలోని చిన్నచిన్న చప్పుళ్ళే ఆ మెలికల గదిలో దూరి, కొన్ని అణగి, కొన్ని హెచ్చి మరల వినబడును. చెవియొద్ద ఒక గ్లాసు పెట్టుకొన్నను కొంతవరకు అదే ధ్వని వచ్చును. ఊదు శంఖము కథ వేరు. కొన కోసివేసి, ఆ రంధ్రమునకు పెదవులు బిగించి అదరించినచో, సన్నగా మొదలై క్రమముగా వెడల్పగుచు చుట్టుకొనిపోవు ఆ మార్గము బూరగా పనిచేసి పెదవుల అదురును నాదముగా మార్చును. నత్త తాను పెరిగిన కొలది గదిని పెద్దది చేసికొనుచు పోయినది. మనకు బూర దొరకినది.

ఇప్పుడు కుడిఎడమల మాట. శంఖమును కొన పైకి, కాలువ క్రిందికి, నోరు మీ ఎదుటికి వచ్చునట్లు పట్టుకొనుడు. సామాన్య శంఖమయినచో నోరు మీ కుడిచేతివైపున ఉండును. జంతుశాస్త్రజ్ఞుడు దీనిని కుడిచుట్టు అనును. మన సంప్రదాయమున కాలువను పైకి చేసి చూతురు. అట్లు తలక్రిందులు చేసినచో అదే నోరు ఎడమవైపునకు పోవును. కనుక శాస్త్రజ్ఞుని కుడిచుట్టు మనకు వామావర్తము. అతని ఎడమచుట్టు మనకు దక్షిణావర్తము. ఇరువురును ఒకే వస్తువును చూచి చెరియొక మాట చెప్పుట మూలమున పుస్తకములు చదివినవారు సైతము తికమక పడుదురు. ఎడమచుట్టు శంఖము లక్షలలో ఒకటియని వాడుక. అది వేరొక జాతి కాదు. అదే నత్త, అదే ఆహారము, అదే కాపురము. అద్దములో చూచినట్లు సర్వమును తారుమారుగా పుట్టినది, అంతే.

అద్దమన్నంతనే నాకు ఒక చిత్రకారుడు జ్ఞాపకము వచ్చుచున్నాడు. మా సరస్సునకు దక్షిణపు కొసనున్న పులికాటు ఊరిలో డచ్చివారు 1613లో గెల్డ్రియా కోట కట్టి వర్తకము సాగించిరి. తూర్పు సముద్రముల గవ్వలు, శంఖములు వారి ఓడలమీద హాలెండు చేరి ధనవంతుల ఇండ్ల అలమారలలో నిలిచెడివి. ఆ రోజులలోనే, 1650లో, రెంబ్రాంట్ మహాశయుడు చలువరాతి మచ్చలుగల ఒక నత్తగుల్లను రాగిరేకుమీద చెక్కెను. ఎదుట ఉన్నది ఉన్నట్లు చెక్కెను. కాగితముమీద అచ్చువేసినప్పుడు బొమ్మ త్రిప్పుపడి, కుడిచుట్టు గుల్ల ఎడమచుట్టుగా అచ్చయినది. సంతకమును మాత్రము ఆయన ముందుగానే త్రిప్పి వ్రాసికొనెను గనుక అది సరిగా పడినది! తన పేరునందున్న జాగ్రత్త గుల్లపట్ల లేకపోయెనని నవ్వుకొనవచ్చును గాని, చుట్టు ఎటు తిరిగినదను సంగతి చూపరులకు పట్టదని దీనివలన తెలియుచున్నది. ఆ పట్టనితనముమీదనే కొందరి వ్యాపారము నడచుచున్నది.

చుట్టు ఎటు తిరుగవలెనని నిర్ణయించునదెవరు? శంఖమునందు ఈ పరిశోధన జరిగినట్లు నేను చెప్పుట లేదు. చెరువుల నత్తలందు జరిగినది. బాయికాట్, డైవర్ అను ఇరువురు శాస్త్రజ్ఞులు 1923లో చూపినది ఏమనగా, పిల్ల చుట్టు పిల్ల గుణమునుబట్టి కాక తల్లి గుణమునుబట్టి ఏర్పడును. ఆ పనికి బాధ్యతగల జన్యువును 2016లో గుర్తించిరి. గ్రుడ్డు ఒకటి రెండై, రెండు నాలుగై, నాలుగు ఎనిమిదగు వేళకే కుడియో ఎడమయో తేలిపోవును. అదృష్టముతోగాని మన గ్రహములతోగాని దానికి పొత్తు లేదు.

మూడవనాడు మా అత్త ఇంటికి పోతిని. పట్టుగుడ్డ విప్పి శంఖమును ఎండలో పెట్టి చూచితిని. చుట్టు నిజముగనే ఎడమచుట్టు. అందులో మోసము లేదు. కాని భుజముమీద అరగదీసిన బుడిపెల జాడలు ఉన్నవి. తెలుపు క్రింద, రుద్దినను పోని, నిలువు గోధుమచారలు లీలగా కనబడినవి. గోడ పలుచన, కాలువ మిక్కిలి పొడవు. నోటిలో వ్రేలు పెట్టి తడవితిని. నడికంబము నున్నగా ఉన్నది. మడత ఒక్కటియు లేదు. అది మన సముద్రపు శంఖము కాదు. అమెరికా తూర్పుతీరమునను, మెక్సికో సింధుశాఖలోను ఇసుకనేలలలో బ్రతుకు వేరొక పెద్ద నత్త. ఆ చారలనుబట్టి అక్కడివారు దానిని మెఱుపు నత్త అందురు. అది సహజముగనే ఎడమచుట్టు. అక్కడ అది ఎంత సామాన్యమనగా టెక్సాస్ రాష్ట్రము 1987లో దానిని తన రాష్ట్రపు గుల్లగా ప్రకటించినది. లక్షలలో ఒకటిగా పుట్టు మన శంఖపు స్థానమున, ఒడ్డున ఏరుకొనదగిన ఆ గుల్లను నిలిపి అమ్మినారు. అమ్మిన మనిషికి ఆ భేదము తెలియునో తెలియదో నేను ఎరుగను. ఆ దుకాణము ఉన్నచోట ఇప్పుడు సెల్ఫోనుల అంగడి ఉన్నది.

మా అత్తకు ఎట్లు చెప్పవలెను? ఉపాధ్యాయుని దురభ్యాసము, చెప్పవలసినదానికంటె ముందు పాఠమే వచ్చును. నడికంబము, మడతలు, మెఱుపు నత్త అని నేను మొదలుపెట్టగా ఆమె చేయి అడ్డుపెట్టి, "అంటే మోసపోయినానా, అది చెప్పు" అన్నది. "అవునత్తా" అంటిని. చాలసేపు ఆమె మాటలాడలేదు. తరువాత అడిగిన ప్రశ్న నేను ఊహించినది కాదు. "దీంట్లో గూడా ఒక జీవం ఉండిందా?" అన్నది. ఉండినదని చెప్పితిని. అది ఎట్లు నడచునో, ఎట్లు ఊపిరి తీయునో అడిగినది. రెండు దినములు తొట్టిలో చూచినదంతయు చెప్పితిని. భాగవతకథలో సాందీపని కుమారుని వెదకుచు కృష్ణుడు సముద్రమున దిగి, శంఖములో దాగిన పంచజనుడను దైత్యుని చంపి పాంచజన్యమును తెచ్చినాడు గదా. ఆ కథను ఆమె నాకు ఎన్నిమార్లో చెప్పియున్నది. "శంఖంలో ఒకడు ఉండాడని మనోళ్ళకు తెలుసబ్బయ్యా, రాక్షసుడనుకున్నారు" అన్నది. నేను పాఠములు చెప్పిన కాలమున ఈ మాట నాకు తోచియున్నచో పిల్లలకు మరికొంత బాగుగా చెప్పియుందును.

తొట్టిలోని నత్త సంగతి చెప్పి ముగింతును. ఈ ప్రాణికి నీటిలో ఈదుచు తిరుగు శైశవదశ లేదు. తల్లి పొట్టేలు కొమ్మువలె మెలితిరిగిన, జానెడు పొడవుగల ఒక సంచిని, గదులు గదులుగా చేసి, ఒక కొన ఇసుకలో నాటి అందులో గ్రుడ్లు పెట్టును. పిల్లలు లోపలనే పెరిగి, చిన్న శంఖములతో సహా బయటకు ప్రాకి వచ్చి అక్కడనే కాపురము పెట్టును. చేపపిల్లలవలె ప్రవాహములో కొట్టుకొనిపోయి క్రొత్తతావులు చేరునవి కావు. ఒక నేలమీద శంఖములను ఊడ్చివేసినచో అక్కడికి మరల వచ్చి చేరుట మిక్కిలి ఆలస్యమగును. నాలుగున్నర వేల ఏండ్లనాడు సింధునాగరికతవారు గుజరాతు తీరమున నాగేశ్వరమువద్ద గాజులు కోసినది ఈ శంఖమునుండియే. వంగదేశపు ముత్తైదువల చేతి శాంఖావలయములకు తూత్తుకుడి, రామనాథపురముల ఈతగాండ్రు మునిగి తెచ్చినదియు ఇదియే. తమిళతీరమున శంఖములు తీయు పద్ధతులలో ఒక నియమము ఉండినది. అడ్డుకొలత 57 మిల్లీమీటర్లకు తక్కువయిన శంఖమును తిరిగి సముద్రమున వేయవలెను. ఆ నియమము ప్రాణమును చూచి పుట్టినదో, రేపటి ఆదాయమును చూచి పుట్టినదో గాని, మునిగి చేతితో ఏరువానికి అది సాధ్యము. అడుగునేలను గీచుకొని పోవు ట్రాలు వలకు కొలబద్ద పట్టించుట ఎట్లు?

పడవ పెద్దమనిషికి ఆ శంఖపు వెల చెల్లించి, మరల సముద్రమునకు పోవునప్పుడు దొరకిన చోటనే విడువుమని బ్రతిమాలితిని. ఆయన నన్ను ఎగాదిగా చూచినాడు. మాంసము వండుకొందురు, గుల్లను అమ్ముకొందురు. డబ్బిచ్చి తిరిగి పారవేయుమన్నవాడు ఆయనకు తగిలియుండడు. మరునాడు కనబడి, "వదిలేసినా అయివారూ, ఇసకలో దిగబడి పోయింది" అన్నాడు. దిగబడిపోవుట అను మాట చూడనివాడు కల్పించునది కాదని నేను నమ్మితిని.

మా అత్త ఆ అమెరికా గుల్లను పారవేయలేదు. హాలులో గడియారము క్రింద పెట్టినది. పూజకు మరల తన అత్తగారి నాటి పాతశంఖమును తీసినది. దక్షిణావర్తము వచ్చిన దినమున దానిని బియ్యపుడబ్బాలో వేసియుంచినదట. మొన్న నేను పోయినప్పుడు ఆమె దానిని కడిగి తుడుచుచు నాచేతికిచ్చి, "ఇదైనా మనదేనా, చూడు" అన్నది. నోటిలో వ్రేలు పెట్టి లెక్కించితిని. నాలుగు మడతలు ఉన్నవి.